వర్తకుని సరకు – రాజదండం: మోటుపల్లి అభయశాసనం నుంచి నాగేంద్రరావు తీర్పు దాకా

వ్యాససంగ్రహం:
వర్తకుడు నిబంధన తప్పినప్పుడు అతని సరకులో ఎంత భాగం రాజ్యానికి చెందాలి అన్నది ప్రాచీనమైన ప్రశ్న. తప్పుకు తగిన పాలులోనే దండం ఉండాలన్న సూత్రం మన శాస్త్రగ్రంథాలలోనూ, ఆధునిక న్యాయస్థానాల తీర్పులలోనూ కనిపిస్తుంది. అయితే తీర్పుతో నిమిత్తం లేకుండానే వర్తకుడు సర్వస్వాన్నీ పోగొట్టుకున్న సందర్భాలు చరిత్రలో ఉన్నాయి. కాకతీయ గణపతిదేవుని మోటుపల్లి శాసనం, 1994లో సుప్రీంకోర్టు వెలువరించిన ఎన్. నాగేంద్రరావు తీర్పు అలాంటి రెండు సందర్భాలకు సంబంధించినవి. ఆ రెండింటినీ ఈ కోణంలో పరిశీలించడం ఈ వ్యాసం ఉద్దేశం.

కీలకపదాలు: మోటుపల్లి, గణపతిదేవుడు, సుంకం, జప్తు, సర్వస్వహరణం, నిత్యావసర సరకుల చట్టం.

1. ఉపోద్ఘాతం

'జప్తు' అనే మాట అరబీ మూలం నుంచి పారశీక పాలనాభాష మీదుగా తెలుగులోకి వచ్చింది. నేటి వాడుకలో ఈ ఒక్క మాట రెండు వేర్వేరు పనులను చెబుతుంది. అధికారులు గోదాముకు వచ్చి బస్తాలు లెక్కపెట్టి సీలు వేసినా పత్రికలు జప్తు అనే రాస్తాయి. నెలల తరబడి విచారణ జరిగి, తప్పు రుజువై, సరకు ప్రభుత్వపరమైందని ఉత్తర్వు వెలువడినా జప్తు అనే రాస్తాయి. న్యాయశాస్త్రం దృష్టిలో మొదటిది తాత్కాలికం. సరకు మీద యాజమాన్యం వర్తకునిదే. అది అధికారుల చేతిలో ఉంటుంది, అంతే. రెండవదానితో యాజమాన్యమే మారిపోతుంది. మొదటిది సాక్ష్యాన్ని కాపాడడానికి చేసే పని, రెండవది శిక్ష. స్పష్టత కోసం ఈ వ్యాసంలో మొదటిదాన్ని 'పట్టివేత' అనీ, రెండవదాన్ని 'హరణం' అనీ వ్యవహరిస్తున్నాను.

రెండు భిన్నమైన భావాలను ఒకే మాటతో చెప్పడం భాషలోని అజాగ్రత్త అని న్యాయవాదులు అనవచ్చు. వర్తకుని వైపు నుంచి చూస్తే ఆ మాట చెబుతున్నది అనుభవాన్నే. సరకు గోదాము దాటిన రోజే అతని వ్యాపారం ఆగుతుంది. ఆ తర్వాత వచ్చే తీర్పు పదో వంతు హరణం అని చెప్పినా, అసలేమీ లేదని చెప్పినా, తిరిగి చేతికి వచ్చే సరకు వెళ్ళిన సరకు లాంటిది కాకపోవచ్చు. దండం తప్పుకు తగిన పాలులో ఉండాలి అన్న చర్చ దాదాపు అంతా హరణం చుట్టూనే సాగింది. నష్టం మాత్రం ఎక్కువగా పట్టివేతలోనే జరుగుతూ వచ్చింది. తెలుగునేలకు సంబంధించిన రెండు ఆధారాలతో ఈ అంశాన్ని చూపవచ్చు. ఒకటి శిలాశాసనం, మరొకటి న్యాయస్థానం తీర్పు. రెండింటి మధ్య ఏడున్నర శతాబ్దాల దూరం ఉంది. ఒకటి మరొకదానికి కారణమైందని చెప్పడం నా ఉద్దేశం కాదు. రెండూ ఒకే చిక్కును ఎదుర్కొన్నాయి, రెండూ ఇచ్చిన జవాబులు వేరు.

2. శాస్త్రగ్రంథాలలో దండపు లెక్క

కౌటిలీయ అర్థశాస్త్రం రెండవ అధికరణంలో శుల్కాధ్యక్షుని గురించిన ప్రకరణం ఉంది. నగరద్వారం దగ్గర సుంకం వసూలు చేసే అధికారి ఏం చూడాలి, ఎవరిని ఎంత దండించాలి అన్నది అందులోని విషయం. సరకు మీద ముద్ర లేకపోతే చెల్లించవలసిన సుంకానికి రెట్టింపు దండం. దొంగముద్ర వేసుకొని వస్తే ఎనిమిది రెట్లు. రెండు సందర్భాలలోనూ సరైన ముద్ర లేదన్నది నిజమే. కానీ ఒకచోట ఉన్నది లోపం, రెండవచోట ఉన్నది మోసం. ఆ తేడాను గ్రంథకర్త అంకెలలోనే చూపించాడు.

అదే ప్రకరణంలో మరొక నియమం మన విషయానికి ఇంకా దగ్గరిది. సుంకానికి భయపడి సరకు పరిమాణాన్ని గానీ వెలను గానీ తగ్గించి చెప్పిన వర్తకుని నుంచి ఆ దాచిన అదనపు భాగాన్ని రాజు తీసుకోవాలి, లేదా వర్తకుడు ఎనిమిది రెట్ల సుంకం చెల్లించాలి. వంద మూటలు తెచ్చి ఎనభై అని చెప్పినవాడు ఇరవై మూటలు పోగొట్టుకుంటాడు. నిజం చెప్పిన ఎనభై అతనికే మిగులుతాయి. హరణం తప్పు ఉన్నంత మేరకే అన్న సూత్రానికి ఇంతకంటే సూటి ఉదాహరణ దొరకదు.

మనుస్మృతి ఎనిమిదవ అధ్యాయంలోనూ సుంకం ఎగవేసినవారికి ఎనిమిది రెట్ల దండం కనిపిస్తుంది. ఎగవేయబోయిన మొత్తానికి ఎనిమిది రెట్లు అని దీనికి సాధారణంగా అర్థం చెబుతారు. అక్కడే సుంకం ఇరవయ్యో వంతు అని కూడా ఉంది. ఆ రెండూ కలిపి లెక్కిస్తే సుంకాన్ని పూర్తిగా ఎగవేయబోయినవాడు నూటికి నలభై పాళ్ళు పోగొట్టుకొని, అరవై పాళ్ళతో ఇంటికి వెళతాడు. రాజు ఎగుమతిని నిషేధించిన సరకులను లోభంతో తరలించేవారి విషయంలో మాత్రం మనువు సర్వహరణమే చెప్పాడు. అక్కడ తప్పు సుంకానికి సంబంధించింది కాదు, సరకే నిషిద్ధం.

ఎనిమిది రెట్లు అన్నది ఎప్పుడూ మితమైన దండమే అని భ్రమపడనక్కర లేదు. దిగుమతి సరకుల మీద అయిదో వంతు సుంకం గురించి అర్థశాస్త్రం చెబుతుంది. దానికి ఎనిమిది రెట్లు వేస్తే దండం సరకు వెలను దాటి నూటికి నూట అరవై అవుతుంది. అంటే దండం మితం రెట్టింపు అంకెలో లేదు, దాని కింద ఉన్న సుంకపు రేటులో ఉంది. ఈ సంగతి మోటుపల్లి దగ్గర మళ్ళీ ప్రస్తావనకు వస్తుంది.

ఇలాంటి వ్యవహార ధర్మాలు తెలుగులో చెప్పవలసిన అవసరం కూడా గణపతిదేవుని శతాబ్దంలోనే కలిగింది. యాజ్ఞవల్క్యస్మృతికి విజ్ఞానేశ్వరుడు రాసిన మితాక్షరను ఆధారం చేసుకొని కేతన విజ్ఞానేశ్వరీయాన్ని రచించాడు. తిక్కనకు సమకాలికుడైన కవి దశకుమారచరిత్రతో పాటు ఒక న్యాయగ్రంథాన్ని కూడా పద్యాలలో చెప్పడాన్ని సాహిత్యచరిత్రకారులు ఎక్కువగా కేతన బహుముఖత్వానికి నిదర్శనంగా పేర్కొని వదిలేశారు. అది ఎవరి కోసం అవసరమైంది అన్న ప్రశ్న ఇంకా విస్తృతంగా చర్చించదగినది.

3. తప్పు లేని చోట సర్వస్వహరణం

ఇక సముద్రం వైపు చూస్తే ఈ లెక్కలేవీ కనిపించవు. మధ్యయుగంలో తుపానుకు చిక్కి ఒడ్డుకు కొట్టుకువచ్చిన ఓడ మీదా, అందులోని సరకు మీదా ఆ తీరాన్ని ఏలే రాజుకు హక్కు ఉంటుందన్న ఆచారం ప్రపంచంలోని అనేక తీరాలలో ఉండేది. మలబారు తీరంలోని ఏలి రాజ్యం గురించి చెబుతూ మార్కోపోలో దీన్ని వర్ణించాడు. ఆ రాజ్యానికి రావాలని బయలుదేరిన ఓడను ఆదరిస్తారు, వేరే చోటికి పోతూ దారి తప్పి వచ్చిన ఓడను దోచుకుంటారు. ఎక్కడికో పోవలసిన నిన్ను దేవుడే మా దగ్గరికి పంపాడు కనుక నీ సొత్తు మాది అన్నది వారి వాదమని అతను రాశాడు. 14వ శతాబ్దంలో ఇబ్న్ బతూతా మలబారులో ఈ ఆచారాన్నీ, దానికి కాలికట్ మినహాయింపునూ గమనించాడు. కాలికట్‌లో పగిలిన ఓడ సరకు యజమానికే దక్కుతుందనీ, అందుకే ఆ రేవు వృద్ధి చెందిందనీ అతని పరిశీలన.

దేవుడు పంపాడు అన్న వాదంలో ఒక తర్కం ఉంది. శిక్ష అయితే తప్పు చూపాలి, తప్పు చూపితే దాని పరిమాణం చెప్పాలి. కానుక అయితే ఆ బాధ్యత లేదు. దీని ఫలితం విచిత్రంగా ఉంటుంది. సుంకం ఎగవేయబోయి పట్టుబడినవాడికి నూటికి అరవై మిగిలే లెక్క శాస్త్రంలో ఉంది. గాలివాన తప్ప మరే నేరమూ లేనివాడికి ఏమీ మిగలదు. అర్థశాస్త్రం నావధ్యక్ష ప్రకరణంలో దీనికి పూర్తిగా వ్యతిరేకమైన ఆదర్శం ఉంది. గాలికి దెబ్బతిన్న ఓడను తండ్రిలా ఆదరించాలి, నీట తడిసిన సరకు మీద సుంకం మాఫీ చేయాలి లేదా సగమే తీసుకోవాలి అని ఆ గ్రంథం చెబుతుంది. గ్రంథం ఒకటి చెబుతున్నా తీరంలో మరొకటి జరిగేదని మోటుపల్లి శాసనమే సాక్ష్యమిస్తుంది.

ఇదే కాలంలో ఇంగ్లండులో ఏం జరుగుతున్నదో ఒక్క మాట. 1215 నాటి మాగ్నా కార్టా ఇరవయ్యవ ప్రకరణం, జరిమానా నేరం తీవ్రతకు తగినట్టు ఉండాలనీ, వర్తకునికి జరిమానా వేసినా అతని వ్యాపార సరకును మిగల్చాలనీ చెప్పింది. సరకు వర్తకుని సంపద మాత్రమే కాక అతని జీవనసాధనం కూడా అన్న గుర్తింపు ఆ నియమంలో ఉంది. 1275 నాటి వెస్ట్‌మినిస్టర్ శాసనం, పగిలిన ఓడ నుంచి మనిషి గానీ కుక్క గానీ పిల్లి గానీ ప్రాణాలతో బయటపడితే ఆ సరకును రాజు సొత్తుగా భావించరాదనీ, ఏడాదీ ఒక రోజూ భద్రపరచి యజమాని వస్తే అప్పగించాలనీ నిర్దేశించింది. మోటుపల్లి శాసనం కాలక్రమంలో ఈ రెండింటికీ మధ్యన నిలుస్తుంది.

4. మోటుపల్లి అభయశాసనం

మోటుపల్లి నేడు బాపట్ల జిల్లా చినగంజాం మండలంలోని చిన్న తీరగ్రామం. కాకతీయుల కాలంలో అది దేశ్యుయ్యకొండపట్టణం అన్న పేరు కూడా ఉన్న రేవుపట్టణం. రుద్రమదేవి కాలంలో మార్కోపోలో ముత్ఫిలి అని పేర్కొన్నది దీన్నే. అక్కడి వీరభద్రాలయంలోని స్తంభం మీద గణపతిదేవుడు వేయించిన శాసనం శక సంవత్సరం 1166, అంటే సామాన్యశకం 1244–45 నాటిది. హుల్ట్‌జ్ దాన్ని ఎపిగ్రాఫియా ఇండికా పన్నెండవ సంపుటంలో ప్రచురించిన నాటి నుంచి చరిత్రకారులు కాకతీయుల విదేశీవాణిజ్యానికి ప్రధాన ఆధారంగా దీన్ని ఉదాహరిస్తూనే ఉన్నారు. ఎక్కువమంది దృష్టి అందులోని సరకుల పట్టిక మీద నిలిచింది. మంచిగంధం, కర్పూరం, చీనా కర్పూరం, ముత్యాలు, పన్నీరు, దంతం, జవ్వాది, రాగి, సీసం, పట్టునూలు, పగడాలు, మిరియాలు, పోకలు అంటూ సాగే ఆ పట్టిక నిజంగానే ఆకర్షణీయమైంది. నాకు దానికంటే ముందున్న భాగం ముఖ్యమని అనిపిస్తుంది.

ఆ భాగం సారాంశం ఇది. అన్ని ద్వీపాల నుంచి, దేశాల నుంచి, పట్టణాల నుంచి వచ్చిపోయే సముద్రవర్తకులకు గణపతిదేవుడు అభయం ఇస్తున్నాడు. పూర్వపు రాజులు ఒక దేశం నుంచి మరొక దేశానికి పోతూ తుపానుకు చిక్కి పగిలి ఒడ్డున పడిన ఓడలలోని బంగారం, ఏనుగులు, గుర్రాలు, రత్నాలు మొదలైన సమస్తాన్నీ బలాత్కారంగా తీసుకునేవారు. ప్రాణం కంటే ధనం విలువైనదని తలచి సముద్రయానమనే మహాసాహసానికి పూనుకున్నవారికి, దయ వల్లా, కీర్తి కోసమూ, ధర్మం కోసమూ, నిర్ణీత సుంకం తప్ప మిగిలినదంతా తాము వదిలివేస్తున్నామని రాజు ప్రకటిస్తాడు. ఆ సుంకం ఎగుమతికైనా దిగుమతికైనా ముప్ఫయింట ఒకటి.

ఇందులో మూడు సంగతులు గమనించదగినవి.

పూర్వపు రాజుల పనిని శాసనం బలాత్కారం అని పేర్కొన్నది. దేవుడిచ్చిన కానుక అన్న వాదాన్ని ఒక రాజే, రాజుల గురించే, రాతి మీద తోసిపుచ్చాడు. పేర్లు చెప్పకుండా పూర్వులు అన్నాడు. ఆ పూర్వులలో అతని సొంత వంశంవారు ఉన్నారో లేదో మనం ఊహించడం అనవసరం.

రెండవది సుంకానికి వాడిన విశేషణం. శాసనంలోని 'క్లుప్తశుల్కం' అన్న మాటలో క్లుప్తం అంటే నిర్ణయించబడినది అని అర్థం. నేటి తెలుగులో క్లుప్తం అంటే సంక్షిప్తం కనుక విద్యార్థులు దీన్ని తక్కువ సుంకం అని అర్థం చేసుకోవడం కద్దు. ముప్ఫయ్యో వంతు తక్కువే, కానీ శాసనం నొక్కి చెబుతున్నది తక్కువతనాన్ని కాదు, నిశ్చయత్వాన్ని. వర్తకుడు ఓడ ఎక్కకముందే ఎంత పోతుందో లెక్కవేసుకోగలగాలి. పట్టికలో కొన్ని సరకులకు తూకం మీద, కొన్నింటికి వెల మీద, పోకలకు లక్ష కాయల చొప్పున సుంకం విడివిడిగా నిర్ణయించడానికి కారణం ఇదే. తూచే వీలున్నదాన్ని తూకంతో, లెక్కించేదాన్ని లెక్కతో కట్టడి చేస్తే రేవు అధికారి ఇష్టానికి మిగిలే చోటు తక్కువ. పట్టికను సంపన్న వాణిజ్యానికి వర్ణనగా కాకుండా అధికారి చేతికి వేసిన సంకెలగా చదివితే శాసనం రెండు భాగాలకూ సంబంధం స్పష్టమవుతుంది.

అంకెలలో చూస్తే, మూడు వందల గద్యాణాల సరకు మీద ముప్ఫయింట ఒకటి చొప్పున సుంకం పది గద్యాణాలు. మనువు చెప్పిన ఎనిమిది రెట్ల దండాన్ని దీనికి వర్తింపజేసి చూస్తే ఎనభై గద్యాణాలు, అంటే నూటికి ఇరవై ఏడు కంటే తక్కువ. మోటుపల్లిలో ఆ దండమే అమలైందని నేను చెప్పడం లేదు, శాసనం దండాలను ప్రస్తావించలేదు. సుంకం ఇంత తక్కువైన చోట ఎగవేతకు వేసే కఠినమైన దండం కూడా వర్తకుని కూల్చదు అని చూపడానికే ఈ లెక్క.

మూడవది గణపతిదేవుని ఔదార్యానికి ఉన్న హద్దు. పగిలిన ఓడలోని సరకు మీద కూడా నిర్ణీత సుంకం తీసుకుంటారు. నీట తడిసిన సరకుకు అర్థశాస్త్రం మినహాయింపో సగమో చెప్పగా, మోటుపల్లి దగ్గర ఓడ పోగొట్టుకున్నవాడూ, క్షేమంగా చేరినవాడూ ఒకే రేటు చెల్లించాలి. శాసనాన్ని అపూర్వమైన దయగా కీర్తించే రచనలలో ఈ పోలిక సాధారణంగా కనిపించదు. అదీగాక రాజు చెప్పిన కారణాలు దయ, కీర్తి, ధర్మం. మూడూ ఇచ్చేవాని వైపు నుంచి చెప్పినవే. రాజు వదిలిపెట్టడం వల్ల వర్తకునికి సరకు దక్కుతుంది. అది అభయం. అభయం ఇచ్చినవాడు ఉన్నంతకాలం నిలుస్తుంది, మారితే మళ్ళీ అడగవలసి వస్తుంది.

5. మళ్ళీ ఇచ్చిన అభయం

నిజంగానే మళ్ళీ అడగవలసి వచ్చింది. కాకతీయ రాజ్యం పతనమైన తర్వాత కొండవీటి అనపోతరెడ్డి శక సంవత్సరం 1280 (1358)లో మోటుపల్లిలోనే మరొక ధర్మశాసనం వేయించాడు. వచ్చిన వర్తకులు సరకును తమకు ఇష్టమైనవారికి అమ్ముకోవచ్చు, ఇష్టమైన సరకు కొని తీసుకుపోవచ్చు, వారి సొత్తును బలవంతంగా తీసుకోము, సంతానం లేకుండా మరణించినవారి ఆస్తిని రాజు తీసుకునే అపుత్రికాదాయాన్ని రద్దు చేస్తున్నాము అన్నవి అందులోని ముఖ్యాంశాలు. ఒకసారి వదులుకున్నదాన్ని మరోసారి వదులుకుంటున్నామని ప్రకటించవలసి వచ్చిందంటే, మధ్యకాలంలో వర్తకులకు ఆ భయం తిరిగి కలిగిందని భావించాలి. ఈ అభయాల నీడలోనే శ్రీనాథుని హరవిలాస కృతిపతి అవచి తిప్పయసెట్టి వంటి సుగంధద్రవ్య వర్తకుల సంపద పెరిగింది.

ఇంగ్లీషు పాలనలో వచ్చిన 1878 నాటి సముద్ర కస్టమ్స్ చట్టం ఇదే సమస్యకు వేరే ఉపాయం చూపింది. హరణానికి అర్హమైన సరకు విషయంలో, దానికి బదులు జరిమానా కట్టే అవకాశాన్ని యజమానికి ఇవ్వాలని 183వ సెక్షన్ నిర్దేశించింది. స్వతంత్ర భారతదేశపు 1962 కస్టమ్స్ చట్టం 125వ సెక్షన్‌లో అదే పద్ధతి కొనసాగుతూ, ఆ జరిమానా సరకు మార్కెట్ వెలను మించరాదన్న హద్దు కూడా చేరింది.

6. భద్రపరచినవాడే పోగొడితే

పట్టివేత హరణంగా మారే విధానానికి స్వతంత్ర భారత న్యాయచరిత్రలో ప్రసిద్ధమైన ఉదాహరణ కస్తూరిలాల్ కేసు. 1947 సెప్టెంబరులో అమృత్‌సర్‌కు చెందిన నగల వ్యాపార సంస్థ భాగస్వామి ఒకరు బంగారం, వెండి అమ్మడానికి మీరట్ వెళ్ళగా పోలీసులు అనుమానంతో పట్టుకున్నారు. మరునాడు బెయిలు మీద వదిలారు. వెండి తర్వాత తిరిగి వచ్చింది. నూరు తులాలు పైబడిన బంగారం పోలీసు మాల్‌ఖానాలో ఉండగా, దాని బాధ్యత చూసే హెడ్ కానిస్టేబులే దాన్ని తీసుకొని పాకిస్తాన్ పారిపోయాడు. సంస్థ పరిహారం కోరింది. 1964లో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం పోలీసుల అజాగ్రత్త నిజమేనని అంగీకరించింది. అయినా పట్టుకోవడం, స్వాధీనంలో ఉంచుకోవడం సార్వభౌమాధికారంలో భాగం కనుక ప్రభుత్వం బాధ్యత వహించనక్కర లేదని తీర్పు ఇచ్చింది. ఈ విషయంలో శాసనసభలు చట్టం చేస్తే బాగుంటుందన్న ఆకాంక్షను కూడా వ్యక్తం చేసింది.

ఏ తప్పూ రుజువు కాలేదు, ఏ హరణ ఉత్తర్వూ లేదు, అయినా బంగారం మొత్తం పోయింది. మోటుపల్లి ఒడ్డున పడిన ఓడకూ మీరట్ మాల్‌ఖానాకూ పోలిక ఇక్కడ ఉంది. ఒకచోట నష్టాన్ని దేవుని ఖాతాలో వేశారు, మరొకచోట సార్వభౌమత్వం ఖాతాలో వేశారు.

7. ఎరువుల బస్తాలు: 1975–1994

ఎన్. నాగేంద్రరావు అండ్ కంపెనీ ఆంధ్రప్రదేశ్‌లో లైసెన్సులతో ఎరువులు, ఆహారధాన్యాల వ్యాపారం చేసే సంస్థ. 1975 ఆగస్టు 11న విజిలెన్స్ విభాగం పోలీసు ఇన్స్పెక్టర్ దాని ప్రాంగణాలను తనిఖీ చేసి పెద్దమొత్తంలో సరకును పట్టుకున్నారు. అప్పటికి అత్యవసర పరిస్థితి విధించి రెండు నెలలు నిండలేదు. ఆ ఆగస్టు 31న జిల్లా రెవెన్యూ అధికారి ఎరువులను సహాయ వ్యవసాయాధికారికి అప్పగించి రైతులకు పంపిణీ చేయాలనీ, ధాన్యాన్నీ ఇతర సరకునూ తహసీల్దారు ద్వారా అమ్మి సొమ్ము ఖజానాలో జమ చేయాలనీ ఆదేశించారు. ఉత్తర్వు సహేతుకమైనది. ఖరీఫ్ పొలాలకు ఎరువు అవసరమైన సమయం అది. రైతుకు ఎరువు అందుతుంది, కేసు తేలేదాకా సొమ్ము భద్రంగా ఉంటుంది.

ఎరువుల పంపిణీ మాత్రం జరగలేదు. సెప్టెంబరులో సంస్థ రెవెన్యూ అధికారికీ, జిల్లా వ్యవసాయాధికారికీ వరుసగా అర్జీలు పెట్టింది. సరకు పాడైపోతుంది, పంపిణీ చేయండి, లేదా మాకు ఇస్తే మేమే అమ్మి సొమ్ము జమ చేస్తాము అని వేడుకున్నది. జవాబు రాలేదు. రసాయనిక ఎరువు గాలిలోని చెమ్మను పీల్చుకొని గడ్డకట్టే వస్తువు అని గ్రామాలలో పిల్లలకు కూడా తెలుసు. నిత్యావసర సరకుల చట్టం 6-ఎ సెక్షన్ కింద నడిచిన విచారణ 1976 జూన్ 29న ముగిసింది. అప్పటికి ఖరీఫ్ పోయింది, రబీ కూడా పోయింది. విడుదల ఉత్తర్వు పట్టుకొని సరకు తీసుకోవడానికి వెళ్ళిన సంస్థకు కనిపించినది నాణ్యతలోనూ పరిమాణంలోనూ చెడిపోయిన నిల్వ. వెల చెల్లించమంటే అధికారులు ఒప్పుకోలేదు. లక్షా ఆరు వేల రూపాయల పైచిలుకు మొత్తానికి దావా నడిచింది. కింది కోర్టు సంస్థ పక్షాన తీర్పు ఇచ్చింది. హైకోర్టు కస్తూరిలాల్ తీర్పును అనుసరించి దాన్ని కొట్టివేసింది.

1994 సెప్టెంబరు 6న సుప్రీంకోర్టు తరఫున జస్టిస్ ఆర్.ఎం. సహాయ్ రాసిన తీర్పులో మనకు కావలసినవి రెండు అంశాలు. మొదటిది హరణం పాలుకు సంబంధించింది. 6-ఎ సెక్షన్ కలెక్టరుకు హరణం చేసే అధికారం ఇచ్చింది గానీ ప్రతి ఉల్లంఘనకూ సరకంతా పోవాలని నిర్బంధించలేదు. నల్లబజారులో అమ్మినవాణ్ణీ, కల్తీ చేసినవాణ్ణీ ఒక గాటన కట్టవచ్చు. ధరల పట్టిక వేలాడదీయనివాణ్ణి, నిల్వల లెక్కలో తేడా వచ్చినవాణ్ణి వారితో సమానంగా చూడరాదు. తప్పు తీవ్రతను బట్టి సరకంతా గానీ కొంత గానీ హరణం చేయాలి అన్నది తీర్పు సారాంశం. ముద్ర లేనివాడికీ దొంగముద్ర వేసినవాడికీ వేరు దండాలు చెప్పిన అర్థశాస్త్రపు తర్కమే ఇక్కడ మరో రూపంలో కనిపిస్తుంది. న్యాయమూర్తి దాన్ని ఉదాహరించలేదు, ఉదాహరించవలసిన అవసరమూ లేదు.

రెండవ అంశం చరిత్రకారునికి ఇంకా విలువైనది. పట్టుకున్న సరకును యజమాని సొత్తుగానే భావించి భద్రపరచడం అధికారుల విధి, ఆ విధిలో అజాగ్రత్త వల్ల కలిగిన నష్టానికి సార్వభౌమత్వం పేరుతో ప్రభుత్వం తప్పించుకోజాలదు అని న్యాయస్థానం నిర్ణయించింది. మొదటి సూత్రం ఎంత న్యాయంగా అమలైనా రెండవది లేకపోతే నాగేంద్రరావు సంస్థకు ఒరిగేది లేదు. విడుదల ఉత్తర్వు చేతిలో ఉంది, ఎరువు లేదు. చట్టం 6-సి సెక్షన్ ప్రకారం కూడా, హరణ ఉత్తర్వు రద్దయినప్పుడు సరకు తిరిగి ఇవ్వడం సాధ్యం కాకపోతే పట్టుకున్న రోజు నుంచి వడ్డీతో వెల చెల్లించాలి. వడ్డీ లెక్క తీర్పు రోజు నుంచి కాకుండా పట్టివేత రోజు నుంచి మొదలవుతుందన్న ఆ చిన్న వాక్యం, సరకు నిజంగా ఎప్పుడు పోయిందో శాసనకర్తలకు తెలుసునని చెబుతుంది.

గణపతిదేవుడు వర్తకునికి ఇచ్చినది దయతో వదిలిపెట్టిన సరకు. 1994 తీర్పు ఇచ్చినది పోయిన సరకుకు ప్రభుత్వం పడిన అప్పు. మొదటిదానిలో వర్తకుడు అభయం పొందినవాడు, రెండవదానిలో దావా వేసినవాడు. పరిభాషలోని ఈ మార్పు చిన్నది కాదు. పత్రికల తెలుగులో మాత్రం దానికి తగిన మాట ఇంకా స్థిరపడలేదు. పట్టివేతకూ హరణానికీ ఇప్పటికీ మనం జప్తు అనే వాడుతున్నాము.

అయితే నాగేంద్రరావు తీర్పు ఇచ్చినది ఇద్దరు న్యాయమూర్తుల ధర్మాసనం. కస్తూరిలాల్ తీర్పు అయిదుగురిది. చిన్న ధర్మాసనం పెద్దదాన్ని రద్దు చేయజాలదు కనుక, ఆ పాత తీర్పు పరిధిని కుదించి, ఎరువుల కేసు దాని కిందికి రాదని చెప్పి అప్పీలును అనుమతించింది. మీరట్ బంగారం కేసులోని సూత్రం ఆ కుదించిన పరిధిలో మిగిలే ఉంది. ప్రభుత్వ బాధ్యతను నిర్వచించే చట్టం చేయాలని 1964లో న్యాయస్థానం చేసిన సూచన 1994 నాటికీ సూచనగానే ఉండిపోయింది.